తెర మీద నాన్న నడక

కోనియాట్, ఒహాయో
1926 మార్చి 14

తమ్ముడు లోవెల్‌కు,

మీ బొమ్మల కంపెనీలో ఆ ముసలి బాతును గీసింది ఎవరు? క్షేమ సమాచారాలు తర్వాత. ముందు ఈ ఒక్క ప్రశ్నకు జవాబు రాయి.

నిన్న శనివారం ఆటలో పెద్ద సినిమాకు ముందు మీ కంపెనీ బొమ్మల నీతికథ వేశారు. ప్రతి వారంలాగే నేను తెర కింద పియానో ముందు కూర్చుని, మెడ పైకెత్తి బొమ్మ చూస్తూ వాయిస్తున్నాను. ఎలుకలు జున్ను దాచుకుంటాయి, దాన్ని దొంగిలించడానికి ఓ ముసలి బాతు వస్తుంది. అంతే కదా కథ. హాలంతా నవ్వుతోంది. నేనూ నవ్వబోయాను. ఆ బాతు ఎడమ కాలు ఈడ్చుకుంటూ నడిచింది. నాలుగడుగులు వేసి, బూటులో రాయి పడినట్టు మడమ విదిలించింది. ఎలుకల ఇంటి గుమ్మం ముందు ఆగింది. లోపలికి వెళ్ళే ముందు వేళ్ళ కణుపులతో ద్వారబంధం మీద రెండుసార్లు కొట్టింది. భుజం మీదుగా ఒకసారి వెనక్కి చూసింది.

నా చేతులు ఆగిపోయాయి. ఇంతకాలంలో నేను ఆట మధ్యలో పియానో ఆపింది ఇదే మొదటిసారి. హాలు నిశ్శబ్దమైపోయింది. ఆ నిశ్శబ్దంలో వెనక వరసలోంచి రేవు పనివాళ్ళలో ఒకడు గట్టిగా అరిచాడు.

"ఒరేయ్, అది మన ఏసా మెరిక్ రా!"

"అవున్రోయ్! అచ్చం ఏసాగాడే! ఏసా, రావోయ్, ఇలా వచ్చి కూర్చో!" అని ఇంకొకడు.

వాళ్ళది వెటకారం కాదు. నాన్నంటే వాళ్ళకు ఇప్పటికీ ప్రేమే. కానీ మూడో వరసలో అమ్మ ఉంది. పక్కన ఓస్బర్గ్ గారు, అమ్మ ఒళ్ళో వాళ్ళ పాప డాగ్నీ. అమ్మ లేచి నిలబడింది. డాగ్నీని ఆయన చేతుల్లో పెట్టి, ఎవరి వైపూ చూడకుండా బయటికి నడిచింది. "అమ్మా, బాతు! బాతు అయిపోలేదు!" అని ఆ పిల్ల ఒకటే గోల.

ఇంటికి వచ్చాక అమ్మ నన్ను ఒక్క మాటే అడిగింది. "పియానో ఎందుకు ఆపావు?"

"పేజీ తప్పు తిరిగిందమ్మా" అన్నాను.

"నువ్వు పుస్తకం చూసి వాయించవుగా" అంది. అంతే. కడిగిన గిన్నెలే మళ్ళీ కడుగుతూ కూర్చుంది.

నాన్న ఓడ మునిగేనాటికి నీకు ఏడేళ్ళు. నాన్నను గుర్తు చేసుకుని ఆ బొమ్మ నువ్వే గీసి ఉంటే, నాకు ఒక్క మాట ముందే చెప్పాల్సింది. వేళాకోళానికి గీసి ఉంటే మాత్రం నీ మొహం చూడను.

నీ అక్క,
విన్నీ


న్యూయార్క్
మార్చి 18

అక్కా,

నీ కోపం కాగితం దాటి నా చెవుల దాకా వచ్చింది. ఒట్టు, ఆ బాతు నాది కాదు. ఇక్కడ నన్ను ఇంకా బాతుల దాకా రానివ్వలేదు. పెద్దవాళ్ళు పెన్సిలుతో గీసి పడేసిన కాగితాల మీద సిరా దిద్దడం, గుంపులో ఎలుకలకు తోకలు తగిలించడం, ఇదీ నా ఉద్యోగం. బాతు హేబర్‌మన్ అనే ఆయనది. మహా గడుసు మనిషి. వీధిలో ఎవరి నడకైనా నచ్చితే వాళ్ళ వెనకే రెండు సందులు నడిచి, వచ్చి దాన్ని ఏ పిల్లికో కోడికో తగిలిస్తాడు. మా యజమాని క్రంప్ గారి పొట్టను పోయినేడు ఒక పందికి పెట్టాడు. ఆయన అది చూసి, "అబ్బ, ఈ పందిలో ఎంత జీవం ఉందయ్యా!" అని మెచ్చుకున్నాడు. మేం బల్లల కింద దూరి నవ్వుకున్నాం.

నాన్న నడక నాకు గుర్తులేదక్కా. పొగాకు వాసన, గరుకు గడ్డం, ఎత్తి భుజం మీద కూర్చోబెట్టుకుంటే అందే చూరు, అంతే. కుంటేవాళ్ళు లోకంలో ఎంతమంది లేరు? ఓడల మీద పనిచేసిన వాళ్ళలో సగంమందికి ఒక కాలు బాగుండదు. నువ్వు మెడ నొప్పి పుట్టేలా తెర చూసి చూసి అలిసిపోయావు. అమ్మకు మాత్రం ఏదో ఒకటి సర్దిచెప్పు.

ఒక సంగతి ముందే చెప్పేస్తాను, తర్వాత తిట్టకు. ఆ బాతు జనానికి తెగ నచ్చిందట. సినిమా హాళ్ళ వాళ్ళు ఇంకా కావాలని అడుగుతున్నారు. ఇకమీదట ప్రతి నీతికథలోనూ బాతు ఉండాలని క్రంప్ గారు హుకుం జారీ చేశారు. చివర్లో పడే నీతికీ ముందు జరిగే కథకీ సంబంధం లేకపోయినా ఫరవాలేదట, బాతు మాత్రం ఉండాలట.

లోవెల్


కోనియాట్
మార్చి 22

లోవెల్,

కుంటేవాళ్ళు చాలామంది ఉంటారు. ప్రతి గుమ్మం దగ్గరా రెండుసార్లు కొట్టి వెనక్కి చూసేవాళ్ళు ఎంతమంది ఉంటారు? నాన్న తన ఇంట్లో తన గదిలోకి వెళ్ళేటప్పుడు కూడా అలాగే కొట్టేవాడు. "ఎవరి అనుమతి కావాలి నీకు?" అని అమ్మ ఏడిపించేది. అది నడక కాదురా, మనిషి.

నిన్న వంటింట్లోకి వెళ్ళేసరికి నేను చూసింది విను. అమ్మ కుర్చీలో కూర్చుని ఉంది. డాగ్నీ నేల మీద కాలు ఈడ్చుకుంటూ నడుస్తోంది. "ఇలాగేనా? మళ్ళీ నడు" అంటోంది అమ్మ. ఆ పిల్ల నవ్వుతూ మడమ విదిలించి, వెళ్ళి తలుపు మీద కొట్టింది. అమ్మ నవ్వలేదు. ఒళ్ళో చేతులు రెండూ బిగించి పట్టుకుని, కళ్ళార్పకుండా చూస్తోంది. నన్ను చూడగానే, "వెళ్ళి ఆడుకో తల్లీ" అని దాన్ని పంపేసింది.

నాకు భయంగా ఉంది. ఆ హేబర్‌మన్‌ను అడుగు. ఎవరిని చూసి గీశాడో అడుగు. నవ్వించాలని చూడకుండా జవాబు రాయి.

విన్నీ


న్యూయార్క్
ఏప్రిల్ 2

అక్కా,

ఈ ఉత్తరం నిలబడి చదవకు.

హేబర్‌మన్‌ను అడిగాను. ఆయన పెన్సిలు చెవి వెనక పెట్టుకుని నా వైపు జాలిగా చూశాడు. "ఆ బాతా? నువ్వు రోజూ మధ్యాహ్నం తినే చోటేరా నాయనా! సందు చివర సూపు దుకాణంలో జో ముసలాడు. ఏడాదిగా వాడి చేతి సూపు తాగుతున్నావు, వాడి కాళ్ళు చూడలేదూ? బొమ్మలు గీసేవాడివేనా నువ్వు?" అన్నాడు.

జో ఎప్పుడూ కౌంటరు వెనకే ఉంటాడక్కా. కూర్చున్నవాళ్ళకు కాళ్ళు కనిపించవు. హేబర్‌మన్ మాత్రం సిరా చేతులు కడుక్కోవడానికి లోపల వంటగదిలోకి వెళ్తుంటాడు.

జనం పలచబడ్డాక వెళ్ళాను. జో కౌంటరు తుడుస్తున్నాడు. ఏమని అడగాలో తోచలేదు. "జో, వంటగదిలోంచి కాస్త ఉప్పు తెచ్చిపెడతారా?" అన్నాను. ఉప్పు సీసా నా ముందే ఉంది. ఆయన సీసా వైపు చూశాడు. నా వైపు చూశాడు. గుడ్డ భుజాన వేసుకుని కౌంటరు చివరి నుంచి బయటికి వచ్చి, వంటగది వైపు నడిచాడు. ఎడమ కాలు ఈడుస్తూ. మడమ విదిలిస్తూ. గుమ్మం మీద రెండు దెబ్బలు. తర్వాత భుజం మీదుగా వెనక్కి నన్ను చూశాడు.

తిరిగొచ్చి ఇంకో ఉప్పు సీసా నా ముందు పెట్టాడు. "తెలిసిపోయిందా?" అన్నాడు.

"మీరెవరు?" అన్నాను.

"తెలిసే కదరా ఉప్పు అడిగావు."

"నేనెవరో మీకు ఎప్పట్నుంచి తెలుసు?"

"నువ్వు మొదటిసారి వచ్చిన రోజు నుంచి. మీవాళ్ళు మెరిక్, మెరిక్ అని పిలిచారు. పైగా ఆ చెవులు మీ అమ్మవి."

"ఏడాదయింది!"

ఆయన కౌంటరు మీద లేని మరకను తుడిచాడు. "నీ గిన్నెలో మాంసం ముక్కలు ఎప్పుడూ ఎక్కువే వేశాను. చూసుకోలేదా?"

బయటికి పరుగెత్తాను. వీధిలో, అందరి ముందూ కక్కుకున్నాను. ఎక్కువ మాంసం! నా గిన్నెలోనే ఎక్కువ పడుతోందని నేను మావాళ్ళ దగ్గర గొప్పలు కూడా చెప్పుకున్నాను.

నాన్న బతికే ఉన్నాడక్కా. ఈ మాట రాసి, నేనే నమ్మలేక మళ్ళీ చదువుకుంటున్నాను.

లోవెల్


కోనియాట్
ఏప్రిల్ 6

లోవెల్,

నీ ఉత్తరం సినిమా హాలు మెట్ల మీద చదివాను. తర్వాత ఆట ఎలా వాయించానో తెలియదు. తెర మీద శవయాత్ర వస్తుంటే పెళ్ళి పాట వాయించానట. మేనేజరు వచ్చి, "ఒంట్లో బాగోలేదా అమ్మాయ్?" అని అడిగాడు.

మొదట సంతోషమే వేసింది. సిగ్గు లేకుండా చెబుతున్నాను. ఒక్క క్షణం పదిహేనేళ్ళ పిల్లనైపోయాను. ఆ నవంబరు తుఫాను తర్వాత రేవులో మంచులో నిలబడి, వచ్చే ప్రతి ఓడకూ చేయి ఊపిన పిల్లను. తర్వాత అమ్మ గుర్తొచ్చింది.

ఆయన బతికి ఉంటే అమ్మ పెళ్ళి ఏమవుతుంది? ఓస్బర్గ్ గారు అమ్మకు ఏమవుతారు? డాగ్నీ ఏమవుతుంది? ఊళ్ళోవాళ్ళు దాన్ని ఏమని పిలుస్తారు? ఐదేళ్ళ పిల్లరా!

ఇంకొకటి. ఇది రాయడానికి చేయి రావడం లేదు. నీకు గుర్తుందో లేదో, అమ్మ అప్పుడు కెనడా ఒడ్డున ఉన్న గోడ్‌రిచ్ వెళ్ళింది. హ్యూరాన్ సరస్సు ఒడ్డుకు కొట్టుకొచ్చిన వాళ్ళను అక్కడ వరసగా పడుకోబెట్టారట. అమ్మ గుర్తుపట్టి, రైల్లో పెట్టెలో ఇంటికి తెచ్చింది. మనం సమాధి చేశాం. నువ్వు నా చేయి పట్టుకుని, "నాన్నకు చలేస్తుందా?" అని అడిగావు. ఏటా మే నెలలో మనం పువ్వులు పెట్టాం. రాయి మీద ఏసా మెరిక్ అని ఉంది.

ఆ రాయి కింద ఎవరున్నారు, లోవెల్?

వెళ్ళి అడుగు. ఇంకేమీ అడగకపోయినా సరే, ఇది అడుగు.

విన్నీ


న్యూయార్క్
ఏప్రిల్ 13

అక్కా,

అడిగాను. దుకాణం మూసే వేళకు ముందు వెళ్ళి, "జరిగింది జరిగినట్టు చెప్పండి, లేకపోతే పోలీసుల దగ్గరికి వెళ్తాను" అన్నాను. పోలీసులు ఏం చేస్తారో నాకూ తెలియదు. ఆయన మాత్రం నా ఎదురుగా కూర్చుని చెప్పాడు.

ఓడ బొగ్గు ఎక్కించుకోవడానికి క్లీవ్‌లాండ్‌లో ఆగింది. ఈయన పొగాకు కొనుక్కోవడానికి దిగాడు. తిరిగి వచ్చేసరికి తాళ్ళు విప్పుతున్నారు. "పరుగెత్తితే అందేది" అన్నాడు. "పరుగెత్తలేదు. బొగ్గు గుట్ట వెనక నిలబడి చూశాను. ఎందుకని అడగకు. నాకూ తెలియదు. రెండ్రోజులు ఎక్కడైనా తాగి పడుకుని ఇంటికి పోదామనే అనుకున్నాను. ఈలోపు తుఫాను వచ్చింది. పేపర్లో చచ్చినవాళ్ళ పేర్లు వేశారు. నా పేరు చదివాను."

"అప్పుడైనా ఇంటికి రావాలి కదా!"

"సిగ్గేసింది. అందరూ పోయి నేనొక్కణ్ణీ ఎలా మిగిలానని వాళ్ళ పెళ్ళాలు అడిగితే ఏం చెప్పను?" అని ఆగాడు. "అబద్ధం ఎందుకు, అబ్బాయ్. సిగ్గు తర్వాత వచ్చింది. నా పేరు అక్కడ చూడగానే ముందు హాయిగా అనిపించింది. భుజం మీద బస్తా దించినట్టు."

హాయి! ఆ మాట విన్నాక ఆయన మొహం మీద ఏదో ఒకటి విసరాలనిపించింది. చేతికి ఉప్పు సీసా తప్ప ఏమీ అందలేదు. విసరలేదు. "అయితే మేం పాతిపెట్టింది ఎవర్ని?" అని అడిగాను.

"పాతిపెట్టడమేంటి?" అన్నాడు. ఆయనకు తెలియదక్కా! సమాధి సంగతే తెలియదు. ఓడతోపాటు అందరూ నీళ్ళ అడుగుకు పోయారనే అనుకుంటున్నాడు. అమ్మ గోడ్‌రిచ్ వెళ్ళిందని, శవాన్ని తెచ్చిందని చెప్పాను. ఎలా గుర్తుపట్టిందని అడిగాడు. కోటు మీద పేరు కుట్టి ఉందని చెప్పాను.

ఆయన కౌంటరు అంచు పట్టుకున్నాడు. "ఐనో" అన్నాడు. "అయ్యో, ఐనో."

ఐనో సారెలా అని ఫిన్లండ్ వాళ్ళ పిల్లాడట, వీళ్ళతోనే డెక్కు మీద పని. అతని కోటు తడిసిపోతే ఈయన తన కోటు ఇచ్చి దిగాడట. "వాళ్ళమ్మ ఆష్టబ్యూలా రేవులో ఉంటుంది. ఓడ అటు వచ్చినప్పుడల్లా మా అందరికీ నల్ల రొట్టె పంపేది" అన్నాడు. మన ఊరికి పక్క రేవు! ఆవిడ ఇన్నేళ్ళుగా కొడుకు ఏ నీళ్ళ అడుగున ఉన్నాడో అనుకుంటూ ఉంటుంది. అతను మన దగ్గర మన నాన్న పేరుతో పడుకుని ఉన్నాడు.

"ఆవిడకు మీరే చెప్పాలి" అన్నాను. "మీరు చేసిన పనులన్నిట్లో ఇదొక్కటైనా మీరు చెప్పాలి." ఆయన తల ఊపాడు. ఊపాడో, వణికాడో.

లోవెల్


కోనియాట్
ఏప్రిల్ 27

లోవెల్,

అమ్మకు చెప్పేశాను. ఇస్త్రీ చేస్తోంది. మాటలు వెతుక్కుంటూ, "అమ్మా, ఆ బాతు..." అన్నాను.

"బతికున్నాడు, అంతేగా" అంది అమ్మ, ఇస్త్రీ పెట్టె ఎత్తకుండానే. "గుమ్మం మీద కొట్టినప్పుడే తెలిసింది. చచ్చిపోయినవాడి అలవాట్లు న్యూయార్క్‌లో ఎవడికి తెలుస్తాయి? బతికున్నవాణ్ణి చూసే గీసి ఉంటారు." చొక్కా కాలిన వాసన వచ్చింది. అప్పుడు గాని పెట్టె తీయలేదు.

ఐనో సంగతి మాత్రం ఆమెకు తెలియదు. అది వినగానే నేల మీద కూలబడిపోయింది. అమ్మను అలా నేను ఎప్పుడూ చూడలేదు. "కోటు చూశాను, విన్నీ. కాలరు వెనక నేను కుట్టిన పేరు చూశాను. మొహం మీద గుడ్డ తీయమంటారా అని అడిగాడు అక్కడి మనిషి. వద్దన్నాను. చూడలేనన్నాను. ఒక్కసారి తీయమని ఉంటే..." అని ఒకటే ఏడుపు. నాన్న బతికున్నందుకు ఆమె ఒక్క కన్నీటి చుక్క కార్చలేదు. ముక్కూ మొహం తెలియని ఆ పిల్లాడి కోసం ఏడ్చింది.

సాయంత్రం ఓస్బర్గ్ గారికి అమ్మే చెప్పింది. నేను గుమ్మంలో నిలబడి విన్నాను. మహా అయితే అరుస్తారనుకున్నాను, లేదా లేచి వెళ్ళిపోతారనుకున్నాను. ఆయన బూట్లు విప్పుకుంటూ అంతా విన్నారు. ఒక బూటు చేతిలో పట్టుకుని చాలాసేపు దాని వైపే చూశారు. చివరికి, "అంటే మనం మళ్ళీ పెళ్ళి చేసుకోవాలా?" అన్నారు.

"మీకు ఇష్టమైతే" అంది అమ్మ.

"ఇష్టానికేం! మొదటిసారి నువ్వు ఒప్పుకోవడానికి రెండేళ్ళు పట్టింది. ఈసారైనా త్వరగా ఒప్పుకో" అన్నారు.

నేను వంటింట్లోకి పరుగెత్తాను. ఎందుకో తెలియదు, ఏడుపు ఆగలేదు.

జెఫర్సన్‌లో జిల్లా కోర్టు దగ్గర లాయరును కలిశారు. నాన్న భార్యను వదిలి ఇన్నేళ్ళు పత్తా లేకుండా పోయాడు కాబట్టి కోర్టు విడాకులు ఇస్తుందట. ఆ తర్వాత వీళ్ళు మళ్ళీ పెళ్ళి చేసుకోవచ్చు, డాగ్నీకీ ఇబ్బంది ఉండదట. ఆయన వచ్చి కాదనకుండా సంతకం పెడితే సులువవుతుందట.

సారెలా గారి ఇంటికి వెళ్ళాలి. ఇంతవరకు ట్రామ్ ఎక్కలేకపోయాను. ఆయన వస్తాడా?

విన్నీ


న్యూయార్క్
మే 10

అక్కా,

రాడు. వెళ్ళిపోయాడు. ఈ మధ్యాహ్నం వెళ్తే కౌంటరు వెనక వేరే మనిషి. "జోనా? లెక్క కూడా తీసుకోకుండా పోయాడు బాబూ" అన్నాడు. ఎక్కడికో ఎవరికీ తెలియదు. మళ్ళీ బొగ్గు గుట్ట వెనక దాక్కున్నాడన్నమాట. తల ఊపాడని రాశాను చూడు, నాలాంటి వెర్రివాడు ఉండడు.

ఇక్కడ నా బతుకు విను. పోయిన వారం నుంచి బాతు కాగితాలకు సిరా దిద్దే పని నాకే వేశారు. ఎడమ కాలు, మడమ, రెండు దెబ్బలు. ఒక్కో కాగితం మీద వెంట్రుక వాసి తేడాతో అదే కాలు మళ్ళీ గీయాలి. ఏడేళ్ళప్పుడు పోయిన నాన్న నడక ఇప్పుడు నా మణికట్టుకు వచ్చేసింది. సిరా మీద కన్నీళ్ళు పడి కాగితం పాడైతే హేబర్‌మన్ చూశాడు. జరిగిందంతా చెప్పేశాను.

ఆయన నోరు తెరుచుకుని విన్నాడు. "నేను కాళ్ళు దొంగిలిస్తాను గాని, మనుషుల కొంపలు..." అని ఆపేశాడు. మర్నాడు కొత్త కథ గీసి తెచ్చాడు. మొదటి నిమిషంలోనే నక్క వచ్చి బాతును ఈకలతో సహా మింగేస్తుంది. క్రంప్ గారు ఎగిరిపడ్డారు. "నా బాతును చంపుతావా?" అని అరుపులు. "చచ్చింది కదండీ, ఏం చేస్తాం" అన్నాడు హేబర్‌మన్, చాలా మర్యాదగా. కొత్త బొమ్మలు వేయించడానికి వ్యవధి లేక అలాగే పంపేశారు.

నువ్వు ఒంటరిగా ఆష్టబ్యూలా వెళ్ళకు. సెలవు దొరికితే నేనే వస్తాను.

లోవెల్


కోనియాట్
జూన్ 21

లోవెల్,

నీ మాట వినలేదు. ఇన్నాళ్ళూ ఎందుకు రాయలేదో చదివితే నీకే తెలుస్తుంది.

మే నెల మధ్యలో ఒక ఉదయం ట్రామ్ ఎక్కి ఆష్టబ్యూలా రేవుకు వెళ్ళాను. ఐనో వాళ్ళమ్మ హిల్మా సారెలా ఇల్లు వంతెన అవతల, తెల్ల సున్నం వేసిన చిన్న ఇల్లు. దారి పొడుగునా చెప్పాల్సిన మాటలు వల్లె వేసుకున్నాను. తలుపు తడితే అదే తెరుచుకుంది. వంటింట్లో బల్ల ముందు ఒక ముసలాయన కూర్చుని ఉన్నాడు. టోపీ మోకాలి మీద, ముందు కాఫీ.

నాన్న.

నాకు గుర్తున్న మనిషి ఇంకా ఎత్తుగా ఉండేవాడు. ఆయన లేవబోయాడు. బల్లకు అవతల నిలబడ్డ పెద్దావిడ, "కూర్చో" అంది. కూర్చున్నాడు. నేను తలుపు దగ్గరే నిలబడిపోయాను.

"ఈయన మీ నాన్నా?" అని నన్ను అడిగింది ఆవిడ.

"అవునండీ."

"నిన్న వచ్చాడు. నిన్నట్నుంచి చెప్పించుకుంటున్నాను. నువ్వూ విను." ఆయన వైపు తిరిగింది. "మళ్ళీ చెప్పు. కోటు దగ్గర నుంచి."

నాన్న చెప్పాడు. నేల చూస్తూ, బడిలో పాఠం అప్పజెబుతున్నట్టు. ఐనో కోటు తడిసిపోయిందట. ఈయన తన కోటు విప్పి ఇచ్చాడట. ఐనో పొట్టివాడు. కోటు చేతులు అతని వేళ్ళ దాకా దిగి, వేలాడాయట. "ఇందులో ఇంకొకడికి కూడా చోటుంది" అని అతను నవ్వాడట.

"చేతులు కప్పేసిందా?" అంది ఆవిడ.

"కప్పేసిందమ్మా."

"మెడ దాకా?"

"మెడ దాకా. గుండీలన్నీ నేనే పెట్టాను."

"అయితే వాడికి వెచ్చగానే ఉండి ఉంటుంది" అంది ఆవిడ.

నాన్న రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు. ఆవిడ ఓదార్చలేదు. "ఏడవకు" అంది గట్టిగా. "నువ్వు ఒక్క కార్డు ముక్క రాసి ఉంటే, ఎక్కడ ఉన్నావో చెప్పక్కర్లేదు, బతికున్నానని రాసి ఉంటే, మీ ఆవిడ ఆ పెట్టె తెరిపించేది. నా బిడ్డ నాకు దొరికేవాడు. ఈ తలుపుకు నేను ఇప్పటికీ గడియ పెట్టను, తెలుసా? వాడు వస్తే తట్టాల్సిన పని ఉండకూడదని." తర్వాత ఆ చల్లారిన కాఫీ పారబోసి, వేడిది పోసి, మళ్ళీ ఆయన ముందే పెట్టింది. దాన్ని క్షమాపణ అనాలో ఏమనాలో నాకు తెలియలేదు. నాకూ ఒక కప్పు ఇచ్చింది.

బయట వంతెన మీద ఆయన నా పక్కన నడిచాడు. "పియానో వాయిస్తావట" అన్నాడు.

"మీకు హాయిగా అనిపించిందట" అన్నాను. "నేను రేవులో నిలబడి ఉన్నప్పుడు. నిజమేనా?"

"నిజమే."

"ఇప్పుడు?"

వంతెన కింద నీళ్ళ వైపు చూశాడు. ఏదైనా అబద్ధం చెబుతాడని ఎదురు చూశాను, లోవెల్. చెబితే నమ్మేదాన్నేమో. చెప్పలేదు. "జెఫర్సన్ వచ్చి సంతకం పెట్టండి" అన్నాను. "ఆ తర్వాత మీ ఇష్టం."

వచ్చాడు. కోర్టు వసారాలో అమ్మా ఆయనా ఎదురుపడ్డారు. నేనూ ఓస్బర్గ్ గారూ కాస్త పక్కకు జరిగాం. అమ్మ ఆయన మొహం వైపు కాదు, కాలి వైపు చూసింది. "ఇంకా నొప్పేనా?" అంది.

"చలికాలంలో" అన్నాడు.

వాళ్ళిద్దరూ మాట్లాడుకున్నది అంతే. ఆయన సంతకం పెట్టి న్యూయార్క్ రైలెక్కాడు. పాత దుకాణంలోనే మళ్ళీ పని అడుగుతాడట. నువ్వు అక్కడ తినాలో, వేరే చోటు వెతుక్కోవాలో నేను చెప్పను. నేనైతే ఇంకా ఏమీ తేల్చుకోలేదు. అమ్మ పెళ్ళి సెప్టెంబరులో. ఓస్బర్గ్ గారు కొత్త చొక్కా కుట్టించుకున్నారు. సెలవు అడిగి రా.

నిన్న ఆదివారం సమాధి దగ్గర రాయి మార్చాం. ఐనో సారెలా అని కొత్త రాయి. పెట్టెను ఆష్టబ్యూలాకు తరలించమంటారా అని చర్చివాళ్ళు హిల్మా గారిని అడిగారు. "వాడిని ఇంక కదపొద్దు" అందావిడ. వాళ్ళ చుట్టాలు నలుగురొచ్చి వాళ్ళ భాషలో పాట పాడారు. ఆ పిల్లాడు మనకు ఏమీ కాడు, అయినా నాకు మనవాడే పోయినట్టు అనిపించింది.

పాట అయ్యాక వాళ్ళు దూరంగా జరిగారు. హిల్మా గారు ఒక్కరే రాయి ముందు మిగిలారు. అమ్మ వెళ్ళి పక్కన నిలబడింది. కూలబడిపోతుందేమోనని నేను వెనకే వెళ్ళాను. అమ్మ ఎంతో సేపు చేతి రుమాలు నలిపింది. ఎలా మొదలుపెట్టాలో తెలియలేదు పాపం. సమాధి చుట్టూ గడ్డి కత్తిరించి ఉంది. అంచుల వెంట అమ్మ నాటిన ఊదారంగు పూల మొక్కలు నిండా పూసి ఉన్నాయి.

"పన్నెండేళ్ళు మీ అబ్బాయిని జాగ్రత్తగా చూసుకున్నానండీ" అంది అమ్మ.

హిల్మా గారు ఆ పూల వైపు చూశారు. కత్తిరించిన గడ్డి వైపు చూశారు. అమ్మ చేయి వెతికి పట్టుకున్నారు.

"కనిపిస్తోంది" అన్నారు.

నీ అక్క,
విన్నీ